శిథిలాల మీది పచ్చదనంతో నా పేచీ

ఫోను తెరిస్తే చాలు, ఆ ఫొటోలు ఏదో ఒక రూపంలో ఎదురవుతూనే ఉంటాయి. కప్పు కూలిన గది మధ్యలోంచి ఆకాశంలోకి లేచిన చెట్టు. గోడలు, కిటికీలు, మెట్లు ఏవీ కనిపించనంతగా తీగలు అల్లుకున్న ఇళ్ల వరుస. ప్రారంభోత్సవం జరగకుండానే తుప్పుపట్టిన జెయింట్ వీల్. కింద రాసే మాటలు అటూ ఇటూ మారినా సారం ఒక్కటే: మనిషి వెళ్లిపోయాడు, ప్రకృతి తన సొత్తు తాను తిరిగి తీసుకుంది.

ఆ ఫొటోలంటే నాకూ ఇష్టమే. చూస్తూ కూర్చుంటే పొద్దు తెలియదు. నా పేచీ వాటి కింద రాసే కథతోనే. వినడానికి ఆ కథ ఎంతో వినయంగా ఉంటుంది. మనమెంత అల్పులమో, ప్రకృతి ఎంత గొప్పదో ఒప్పుకుంటున్నట్టే ఉంటుంది. కాస్త గీకి చూస్తే మాత్రం అడుగున వేరే రంగు బయటపడుతుంది. మనం ఏం కట్టినా, ఏం తవ్వినా, ఎలా వదిలేసి పోయినా ఫరవాలేదు, మన వెనకాల ఎవరో వచ్చి సర్దుతారనే భరోసా అది. గది నిండా బొమ్మలు పరిచి, అమ్మ సర్దుకుంటుందిలే అని ఆటకు పరుగెత్తే పిల్లవాడి ధీమా అది. ఆ ధీమాకు ఆధారం లేదని నా వాదన.

ముందుగా చెట్టును కాస్త పక్కన పెడదాం. ఫొటోలో కనిపించేది చెట్టు కాబట్టి ఘనత అంతా దానికే దక్కుతుంది కానీ, కట్టడాన్ని కూల్చే పని మొదలుపెట్టేది నీళ్లు. మనుషులున్న ఇంటికీ లేని ఇంటికీ మొదటి కొన్నేళ్లలో ఉండే తేడా చాలా చిన్నది. వానలకు ముందు కప్పు మీదికెక్కి తూములో ఇరుక్కున్న ఆకులు తీసేవాళ్లు ఒకచోట ఉంటారు, ఇంకోచోట ఉండరు. అంతే.

మూతపడి చాలా ఏళ్లయిన ఒక కర్మాగారం క్వార్టర్లలో ఈ వ్యవహారమంతా దగ్గర నుంచి చూశాను. రెండంతస్తుల ఇళ్లు. బయట నుంచి చూస్తే అన్నీ ఒకేలా పాడుబడ్డట్టు ఉంటాయి. లోపలికి వెళితే ఒక్కో గది ఒక్కో దశలో ఉంది. పైన తూము పూడని చోట, గోడకు క్యాలెండరు తగిలించిన మేకు కూడా అలాగే ఉంది. పూడిన చోట శ్లాబు అడుగున ముందు తేనెరంగు మరకలు, వాటి అంచుల్లో తెల్లటి ఉప్పు పొర. నాలుగడుగుల అవతల, లోపలి ఇనుప చువ్వ ఎటు పోతోందో గీసి చూపించినట్టు సూటిగా ఒక పగులు. ఆ పక్కన పెచ్చు ఊడి చువ్వ బయటపడింది. వేలితో రుద్దితే తుప్పు పొరలుపొరలుగా చేతికొచ్చింది. నేల మీద ఊడిపడ్డ పెచ్చులు, వాటి సందుల్లో నాచు.

ఇందులో మాయ లేదు. కొత్త కాంక్రీటులో క్షారగుణం బాగా ఎక్కువ, పీహెచ్ 12 దాటి ఉంటుంది. లోపలి ఇనుముకు ఆ క్షారమే కవచం. గాలిలోని కార్బన్ డయాక్సైడు చెమ్మతో కలిసి ఏళ్ల తరబడి లోపలికి ఇంకుతూ ఆ క్షారాన్ని తినేస్తుంది. పీహెచ్ 9 కిందికి దిగేసరికి కవచం పోతుంది, ఇనుము తుప్పుపట్టడం మొదలవుతుంది. తుప్పు అసలు ఇనుము కన్నా రెండు నుంచి ఆరు రెట్లు ఎక్కువ చోటు ఆక్రమిస్తుంది. ఖాళీ లేని చోట ఉబ్బాలంటే చుట్టూ ఉన్నదాన్ని పగలగొట్టక తప్పదు. సముద్రం పక్కనైతే గాలిలోని ఉప్పు ఈ పనిని ఇంకా తొందరపెడుతుంది. జపాన్‌లోని హషిమా దీవిలో 1916లో కట్టిన ఏడంతస్తుల కాంక్రీటు భవనం ఇప్పుడు ముక్కలు ముక్కలుగా కూలుతున్నది ఇలాగే. దాన్ని కూల్చడానికి అడవేమీ రాలేదు.

చెట్టు వచ్చేది నీళ్లు దారి చేశాక. ఆ క్వార్టర్ల మెట్ల మలుపులో, ఇటుకకూ పూతకూ మధ్య, ఒక రావి మొక్క ఉంది. మోకాలి ఎత్తు కూడా లేదు. ఏ పిట్టో రెట్ట వేస్తే మొలిచి ఉంటుంది. చారెడు దుమ్ము, గోరంత చెమ్మ ఉంటే దానికి చాలు. పైన ఆకులు చూస్తే పాపం అనిపిస్తుంది, ఎండకు వడలి, అంచులు మాడి ఉన్నాయి. అసలు సంగతి గోడ వెనక ఉంది. దారమంత వేరు ఒకటి పూత కిందుగా పాకుతూ రెండంతస్తులు దిగి, నేలకు జానెడు దూరంలో బయటికొచ్చింది. అది దిగిన దారి పొడవునా పూత ఉబ్బి ఉంది. వేలి కణుపుతో కొడితే బోలు శబ్దం. ఆ వేరు మట్టిని అందుకునేదాకా పైన మొక్క అలాగే ప్రాణం ఉగ్గబట్టుకుని ఉంటుంది. అందుకున్న మరుక్షణం దాని వరస మారిపోతుంది. ఇల్లు కట్టుకున్నవాళ్లందరికీ ఈ మొక్కతో పరిచయం ఉంటుంది. పైన పీకేస్తే పోదు, లోపలి వేరు మళ్లీ చిగురుస్తుంది.

చెప్పొచ్చేదేమిటంటే, అక్కడ ఎవరూ ఎవరి మీదా దండెత్తలేదు. రోజూ జరగాల్సిన పని ఒకటి ఆగిపోయింది. తూము శుభ్రం చేయడం, సున్నం వేయడం, మొలకలు పీకడం: ఎవరి కంటా పడని, జీతం తక్కువగా ఉండే పనులు. ప్రకృతి గెలిచిందని మనం అంటున్న చోట నిజంగా జరిగింది ఆ పనివాళ్లు వెళ్లిపోవడం. వాళ్లు ఉన్నన్నాళ్లు వాళ్లనూ ఎవరూ ఫొటో తీయలేదనుకోండి.

ఈ పనివాళ్ల సంగతి ఇంకో చోట ఇంకా తమాషాగా ఉంటుంది. కంబోడియాలోని తా ప్రోమ్ ఆలయం తెలియనివాళ్లు తక్కువ. ప్రాకారాల మీద కూర్చున్న మహావృక్షాలు, రాళ్ల మీదుగా కిందికి జారిన వేళ్లు. ఏడవ జయవర్మ 12వ శతాబ్దం చివర్లో కట్టించిన ఆలయం అది. ఆలయం లోపల నివసించినవాళ్లే 12,000 మందికి పైగా అని శాసనం చెబుతుంది. అంగ్కోర్‌లోని మిగతా ఆలయాల మీది అడవిని కొట్టేసి రాళ్లు పేర్చిన ఫ్రెంచి పురావస్తు పండితులు దీన్ని మాత్రం దొరికిన తీరులోనే చాలావరకు ఉంచేయాలని నిర్ణయించారు. అంటే ఆ దృశ్యం ఒక నిర్ణయం. ఆ నిర్ణయాన్ని నిలబెట్టడానికి ఇప్పటికీ మనుషులు పనిచేస్తూనే ఉన్నారు. 2000ల తొలినాళ్ల నుంచి భారత పురావస్తు సర్వేక్షణ సంస్థ కంబోడియా అధికారులతో కలిసి అక్కడ కూలిన గోడలు తిరిగి పేరుస్తోంది. కొమ్మల కింద, వంగిన గోడల కింద ఊతాలు ఉన్నాయి. వేళ్లను తొక్కకుండా సందర్శకులకు చెక్క దారులు వేశారు. చెట్టూ గోడా అక్కడ ఎంతగా ముడిపడ్డాయంటే, వేళ్లు రాళ్లను చీలుస్తున్నాయి, ఆ రాళ్లను పట్టి నిలబెడుతున్నదీ ఆ వేళ్లే. చెట్టు చచ్చిపోయినా, గాలివానకు పడిపోయినా గోడ కూడా దానితోపాటే వస్తుంది. కాబట్టి ముసలి చెట్ల ఆరోగ్యం చూసేవాళ్లు కూడా కావాలి. నిజంగా వదిలేసి ఉంటే మనం చూడ్డానికి అక్కడ మిగిలేది ఆకుల కింద ఒక రాళ్ల కుప్ప.

బెర్లిన్‌లో ఇంకా విచిత్రం. సూడ్‌గెలెండె అనే రైల్వే యార్డులో 1952లో రాకపోకలు ఆగిపోయాయి. పట్టాల మధ్య గడ్డి, తర్వాత పొదలు, తర్వాత చెట్లు వచ్చాయి. అక్కడ మళ్లీ సరుకుల యార్డు కడతామంటే నగరవాసులు అడ్డుపడ్డారు, చివరికి 2000లో అది ప్రకృతి ఉద్యానంగా తెరుచుకుంది. అయితే దాన్ని పూర్తిగా దాని మానాన వదిలేస్తే అంతా చెట్లు కమ్మేసి, అరుదైన పురుగులకూ పూలకూ ఆసరా అయిన గడ్డి చెలకలు మాయమవుతాయి. అందుకని కొన్ని చోట్ల మనుషులు గడ్డి కోస్తూ, మొలిచే చెట్లు నరుకుతూ ఉంటారు. న్యూయార్క్‌లోని హై లైన్ కథ మరీ స్పష్టం. 1980లో చివరి రైలు నడిచిన ఆ ఎత్తైన రైలు వంతెన మీద గాలికి వచ్చిన గింజలు మొలిచి పచ్చిక బయలు తయారైంది. ఆ అందాన్ని కాపాడాలని ఉద్యమం నడిచింది. గెలిచాక ఏం చేశారు? మొక్కలన్నీ తీసేసి, వంతెన బాగుచేసి, అడవిలా కనిపించేటట్టు తోట నాటారు. 2009లో మొదటి భాగం తెరిచారు. నాకు ఆ తోట మీద కోపమేమీ లేదు, బాగుంటుంది. అది తనంతట తాను తిరిగొచ్చిన ప్రకృతి అని మాత్రం అనకండి.

అసలు తిరిగొచ్చేది పాతదేనా? రెండో ప్రపంచ యుద్ధంలో బాంబులు పడ్డ లండన్ శిథిలాల మీద విరగబూసిన మొక్కల్లో బడ్లియా చైనా నుంచి వచ్చింది, పసుపు పూల రాగ్‌వర్ట్ పూర్వం ఒక వృక్షశాస్త్ర తోటలోంచి తప్పించుకుని రైలు పట్టాల వెంట ఊళ్లు తిరిగింది. పాత ఇటుకల్లో సున్నం ఉంటుంది, ఆ సున్నం బడ్లియాకు ఇష్టం. ఉత్తర అమెరికాలో, ఐరోపాలో మూతపడ్డ కర్మాగారాల గోడలు చీల్చుకుని లేచే ఐలాంథస్ చెట్టుదీ చైనాయే. ఆ స్థలంలో కర్మాగారానికి ముందు ఉన్న అడవి ఒకటి, తర్వాత వచ్చే అడవి మరొకటి. మన్ను మారింది, నీటి దారి మారింది, చుట్టుపక్కల గింజలిచ్చే చెట్లు మారాయి. కొత్తగా వచ్చినవాటిని తక్కువ చేయడం నా ఉద్దేశం కాదు, కాంక్రీటు పగుళ్లలో బతకగలిగినవి బతుకుతున్నాయి. కానీ పోయినది తిరిగి వచ్చిందంటే ఒప్పుకోను.

అండమాన్‌లోని రాస్ దీవి ఈ విషయంలో నాకు ఎప్పుడూ గుర్తొచ్చే చోటు. 2018 నుంచి దాని పేరు నేతాజీ సుభాస్ చంద్రబోస్ ద్వీపం. చర్చి గోడల్ని, అధికారుల బంగళాల్ని మర్రిజాతి చెట్ల వేళ్లు వలలా చుట్టేశాయి. ఆ శిథిలాల మధ్య చుక్కల జింకలు నిర్భయంగా తిరుగుతుంటాయి. జింకను చూడగానే అడవి తిరిగొచ్చిందని మనసు నిర్ణయించేస్తుంది. కానీ అండమాన్ దీవులకు చుక్కల జింక పరాయిది. బ్రిటిష్ వాళ్లు తెచ్చి వదిలారు. దాన్ని వేటాడే పెద్ద మృగం అక్కడ లేదు, లేత మొక్కల్ని మేసేస్తూ అది అసలు అడవిని మళ్లీ పుంజుకోనివ్వడం లేదు. ఆ శిథిలాల్లో వలస పాలకుల కట్టడాలు ఎంత మిగిలాయో, వలస పాలకుల జింకలూ అంతే మిగిలాయి.

ఆ దీవిలో మొదట అడవి నరికిందెవరు? 1858లో, తిరుగుబాటు అణచివేత తర్వాత ఓడల్లో తెచ్చిన ఖైదీలు. రాళ్లు మోసి, సున్నం కాల్చి పాలకుల నివాసాలు కట్టినదీ వాళ్లే. 1941లో భూకంపం వచ్చి కట్టడాలు దెబ్బతిన్నాయి, మరుసటి ఏడు జపాన్ సైన్యం వచ్చింది, బ్రిటిష్ పాలకులు పోయారు. ఇప్పుడు అక్కడ ఫొటో తీస్తే వేరూ ఇటుకా కనిపిస్తాయి, ఆ ఇటుకను మోసిన చెయ్యి కనిపించదు. ప్రకృతికీ మనిషికీ మధ్య జరిగిన పోరులా ఆ కథ చెప్పడం ఎంత సులువో చూడండి. అందులో ‘మనిషి’ అనే ఒక్క మాటలో కొరడా పట్టినవాడూ, కొరడా దెబ్బ తిన్నవాడూ ఇద్దరూ ఇమిడిపోతారు.

నమీబియా ఎడారిలోని కోల్మన్‌స్కాప్ కూడా అలాంటిదే. గుమ్మాల ఎత్తున ఇసుక నిండిన ఇళ్లు, గదుల్లోకి వాలిన ఇసుక తిన్నెలు. 1908లో రైలు పట్టాల మీది ఇసుక తోడుతున్న జకరియాస్ లెవాలా అనే కార్మికుడికి అక్కడ వజ్రం దొరికింది. దాన్ని తన పై అధికారికి ఇచ్చాడు. వజ్రాల ఊరు వెలిసింది, జర్మన్ కుటుంబాలు వచ్చాయి, ఆస్పత్రి, నాట్యశాల, ఐసు ఫ్యాక్టరీ వచ్చాయి. దక్షిణాన ఇంకా మంచి వజ్రాలు దొరికాక జనం అటు తరలిపోయారు, 1956 నాటికి ఊరు పూర్తిగా ఖాళీ అయింది. అక్కడికి దగ్గర్లోనే లూడెరిట్స్ రేవులో షార్క్ దీవి ఉంది. వజ్రం దొరకడానికి ఒకటి రెండేళ్ల ముందు వరకు హెరెరో, నామా ప్రజల్ని జర్మన్ పాలకులు నిర్బంధించి చావుకు వదిలేసిన శిబిరం ఉన్నది అక్కడే. ఇసుక నిండిన గదుల ఫొటోలు లోకమంతా తిరుగుతాయి. శిబిరానికి అలాంటి ఫొటో లేదు, ఎందుకంటే శిథిలం మిగలాలంటే ముందు గట్టిగా కట్టి ఉండాలి.

అన్నిటినీ ఒకే గాటన కట్టడం కూడా తప్పే. చైనాలోని హౌతౌవాన్ అనే జాలర్ల ఊరు, ఇళ్ల మీద పచ్చటి తీగలు దుప్పటిలా కప్పుకున్న ఆ ఊరు, 1990లలో చాలావరకు జనం తమంతట తాము ఖాళీ చేసింది. చదువులకు దూరం, వైద్యానికి దూరం, రాకపోకలకు కష్టం. వెళ్లినవాళ్లు వెళ్లినచోట బాగున్నారంటే ఏడవాల్సిన పనిలేదు. ఇంకోవైపు, బ్రెజిల్ అడవిలో హెన్రీ ఫోర్డ్ 1928లో మొదలుపెట్టిన రబ్బరు పట్టణం ఫోర్డ్‌లాండియాను అడవి మింగేసిన నగరంగా రాస్తుంటారు. రబ్బరు చెట్లకు ఆకు తెగులు పట్టి పథకం కుప్పకూలిన మాట నిజం, 1945లో దాన్ని బ్రెజిల్ ప్రభుత్వానికి అమ్మేసిన మాటా నిజం. కానీ అక్కడ ఇవాళ్టికీ మనుషులు కాపురముంటున్నారు, పిల్లలు బడికి పోతున్నారు. ఫొటో తీసేవాళ్లు వాళ్లు చట్రంలో పడకుండా జాగ్రత్తపడతారంతే.

ఇక నా వాదనకు గట్టిగా ఎదురు నిలిచే ఉదాహరణ దగ్గరికి రాక తప్పదు. చెర్నోబిల్. 1986 ఏప్రిల్ 26న నాలుగో రియాక్టర్ పేలింది. మర్నాడు మధ్యాహ్నం పక్కనున్న ప్రిప్యాత్ పట్టణాన్ని, దాదాపు 49,000 మందిని, తాత్కాలికమేనని చెప్పి బస్సుల్లో తరలించారు. వాళ్లు తిరిగి రాలేదు. తోడేళ్లు వచ్చాయి. బెలారుస్ వైపున్న నిషిద్ధ ప్రాంతంలో చుట్టుపక్కల రక్షిత అడవుల్లో కన్నా ఏడు రెట్లు ఎక్కువ తోడేళ్లు ఉన్నాయని 2015లో వెలువడిన ఒక అధ్యయనం లెక్క తేల్చింది. అంటే అణుధార్మికత కన్నా మన ఉనికే ఆ జంతువులకు ఎక్కువ చేటు చేస్తోందన్నమాట. దీన్ని నేను కాదనను. అసలు ఈ మొత్తం వ్యవహారంలో నన్ను నిద్రపోనివ్వని సంగతి ఇదే.

అయినా అక్కడా కథ పూర్తిగా చెప్పరు. ఆ నిషిద్ధ ప్రాంతంలో తిరిగే ప్రజెవాల్‌స్కీ జాతి అడవి గుర్రాలు వాటంతట అవి రాలేదు. 1990ల చివర్లో మనుషులే ముప్ఫై దాకా తెచ్చి వదిలారు. అవి ఇప్పుడు పాడుబడ్డ పాకల్లో ఎండకూ పురుగులకూ తలదాచుకుంటున్నాయి. ఆ అడవిని కాస్తున్నదీ కంచే, కాపలాయే. 2020 వసంతంలో అక్కడ మంటలు లేచినప్పుడు ఆర్పడానికి పోయినదీ మనుషులే. ఇక రియాక్టర్ సంగతి. దాన్ని ఏ తీగా కప్పలేదు. 2016లో దాని మీదికి జరిపిన మహా ఉక్కు కప్పును వందేళ్లు నిలిచేలా కట్టారు. 2025 ఫిబ్రవరిలో రష్యా-ఉక్రెయిన్ యుద్ధంలో ఒక డ్రోన్ దానికి చిల్లు పెట్టింది.

కొరియా దేశాల మధ్య సైనిక రహిత మండలం గురించి కూడా ఇలాగే చెబుతారు. 1953 నుంచి మామూలు జనం అడుగు దాదాపు పడని, నాలుగు కిలోమీటర్ల వెడల్పున సుమారు 250 కిలోమీటర్లు సాగే నేల. ఎర్రతల కొంగలు చలికాలం గడపడానికి ఆ చుట్టుపక్కలకే వస్తాయి. వచ్చి ఏం తింటాయి? మండలానికి ఆనుకుని ఉన్న పొలాల్లో రైతులు కోత కోశాక రాలిన వడ్లు. రాత్రి నిద్రకు మనిషి లేని చోటు కావాలి, పగలు తిండికి మనిషి దున్నిన చోటు కావాలి. జపాన్ పల్లెల్లోనూ ఇదే తిరకాసు. వరి మడులు, చెరువులు, కొండవాలు తోపులు కలిసిన సాగు భూముల్లో కప్పలు, తూనీగలు, మిణుగురులు బతికాయి. ముసలివాళ్లు పోయి, పిల్లలు పట్నం పోయి, మడులకు నీళ్లు ఆగిపోయాక అక్కడ పచ్చదనం పెరిగింది, కప్పలు తగ్గాయి. కెమెరాకు పచ్చదనమే కనిపిస్తుంది. కప్ప అరుపు ఆగిపోవడం ఏ ఫొటోలో వస్తుంది?

ఇంతవరకు చెప్పినవన్నీ చర్చించుకోదగ్గ సంగతులు. మీరు ఒప్పుకోకపోయినా నాకు బాధలేదు. ఒక్క విషయంలో మాత్రం రాజీపడను. ఆకు కప్పినంత మాత్రాన విషం పోదు.

భోపాల్‌లోని యూనియన్ కార్బైడ్ కర్మాగారం చూడండి. 1984 డిసెంబరు 2 అర్ధరాత్రి తర్వాత మిథైల్ ఐసోసైనేట్ వాయువు లీకై వేలమందిని చంపింది. కర్మాగారం మూతపడింది. తుప్పుపట్టిన గొట్టాల చుట్టూ పొదలు, చెట్లు బాగా ఎదిగాయి. అడుగున ఏముందో తెలియనివాడికి అది ఒక పాత తోటలా కనిపిస్తుంది. ప్రమాదానికి ముందు నుంచే ఆ ఆవరణలో, పక్కనున్న గుంటల్లో పారబోసిన రసాయన వ్యర్థాలు భూమిలోకి ఇంకి చుట్టుపక్కల బస్తీల నీళ్లను పాడుచేశాయి. ఆ బస్తీలకు మంచినీళ్లు సరఫరా చేయాలని సుప్రీంకోర్టు 2004లో ఆదేశించాల్సి వచ్చింది. గోదాములో పడి ఉన్న 337 టన్నుల విష వ్యర్థాలను అక్కడి నుంచి కదిలించింది 2025 జనవరిలో. నలభై ఏళ్లు! వాటిని పీథంపూర్ తీసుకెళ్లి కాలుస్తామంటే అక్కడి జనం మా ఊరికెందుకని రోడ్డెక్కారు. వాళ్ల భయం వాళ్లది. మన్నులోకి ఇంకినది ఆ 337 టన్నుల లెక్కలో లేదు. ఆ ఆవరణలోని చెట్లు నలభై ఏళ్లుగా ఏపుగా పెరుగుతూనే ఉన్నాయి. అవి చేసిన శుద్ధి ఏమీ లేదు. కంటికి ఇంపుగా కప్పి, మసిపూసి మారేడుకాయ చేశాయి. అందులో వాటి తప్పేమీ లేదు, చెట్టుకు అంతకన్నా ఏం తెలుస్తుంది.

పసిఫిక్ మహాసముద్రంలోని బికిని దీవులు మరో రకం. అణు పరీక్షల కోసం 1946లో అమెరికా అక్కడి 167 మందిని ఖాళీ చేయించింది. 1958 దాకా 23 పరీక్షలు జరిగాయి. 1954 నాటి బ్రావో పేలుడు సముద్రంలో తవ్విన మహాగుంటలో ఇప్పుడు పగడాలు చెట్లలా పెరిగాయి, చేపలు గుంపులుగా తిరుగుతున్నాయి. ఈ వార్త ఎంత సంబరంగా రాస్తారో! దాని పక్కనే రాయాల్సింది ఒకటుంది. 1970లలో కొన్ని కుటుంబాలు ఆ దీవికి తిరిగి వెళ్లాయి. ఆ కొబ్బరికాయల్లో, ఆ మట్టిలో ఉన్న అణుధార్మిక సీజియం వాళ్ల ఒళ్లలోకి చేరిందని తేలి 1978లో మళ్లీ ఖాళీ చేయించారు. చేపలకు సొంత ఊరు దక్కింది, ఊరివాళ్లకు దక్కలేదు.

ఇలా అన్నప్పుడల్లా నాకు ఎదురయ్యే చివరి అస్త్రం ఒకటుంది: నువ్వు వందేళ్ల లెక్క చెబుతున్నావు, పదివేల ఏళ్లు ఆగు, అంతా అడవే. ఉదాహరణకు మధ్య అమెరికాలోని ప్రాచీన మాయా నాగరికత నగరాలు చూపిస్తారు. నిజమే, 2018లో వెలువడిన ఒక అధ్యయనం ప్రకారం, గ్వాటెమాలా అడవి మీద విమానం నుంచి లేజర్ కిరణాలతో కొలిస్తే 2,144 చదరపు కిలోమీటర్లలో 61,480 కట్టడాల ఆనవాళ్లు బయటపడ్డాయి. పైనుంచి చూస్తే అనాది అడవి, అడుగున జనంతో కిటకిటలాడిన ఊళ్లు. అయితే మాయాలు వదిలిపోయినవి సున్నపురాయి, సున్నం, కలప, కుండపెంకులు. మన అణు వ్యర్థాల్లోని ప్లుటోనియం-239 సగానికి తగ్గడానికి 24,000 ఏళ్లు పడుతుంది. వాళ్ల శిథిలాన్ని చూపించి మన శిథిలానికి హామీ ఇవ్వడం కుదరదు. పైగా ఆ పదివేల ఏళ్లలో మొదటి నూరేళ్లు ఎవరో ఒకరు అక్కడే నీళ్లు తాగాలి కదా.

అమెరికాలో మోంటానా రాష్ట్రంలోని బ్యూట్ అనే ఊళ్లో బర్క్‌లీ పిట్ అనే రాగి గని ఉంది. 1955లో తవ్వడం మొదలుపెట్టారు, 1982లో ఆపేశారు. గనిలో ఊరే నీళ్లను తోడే పంపులను కూడా ఆపేశారు. గుంట నిండింది. రాతిలోని గంధకం గాలితో, నీటితో కలిసి ఆమ్లమైంది, ఆ ఆమ్లం రాగిని, ఆర్సెనిక్‌ను, కాడ్మియంను కరిగించుకుంది. పైనుంచి చూస్తే అదొక సరస్సు. 1995లో వలస పోతున్న తెల్ల బాతుల గుంపు అలాగే అనుకుని వాలింది. 342 బాతులు చచ్చి తేలాయి. 2016లో మంచు తుపానుకు దారి మళ్లి మరో గుంపు వాలితే మూడు వేలకు పైగా చచ్చాయి. ఇప్పుడక్కడ నీటిని శుద్ధి చేసే ప్లాంటు నడుస్తోంది, పక్షులు వాలకుండా శబ్దాలు చేసి బెదరగొట్టే కాపలా ఉంది. గని పనిచేసింది ఇరవై ఏడేళ్లు. ఈ కాపలాకు, ఈ శుద్ధికి గడువు లేదు.

ఇలా వెనక మిగిలే శుద్ధి ఖర్చు అనే అప్పును ముందే వసూలు చేయాలన్న ఆలోచన కొత్తదేమీ కాదు. పైపొర తొలిచి బొగ్గు తవ్వేవాళ్లు నేలను తిరిగి బాగుచేస్తామని ముందే పూచీకత్తు ఇవ్వాలని అమెరికా 1977లోనే చట్టం చేసింది. అందులో ఒక కిటికీ తెరిచి ఉంచారు. ఆర్థికంగా గట్టిగా ఉన్న కంపెనీలు సొమ్ము కట్టకుండా తమ మాటనే పూచీకత్తుగా పెట్టుకోవచ్చన్నారు. 2015, 2016లలో పెద్ద పెద్ద బొగ్గు కంపెనీలు వరసగా దివాలా పిటిషన్లు వేసినప్పుడు ఆ మాట విలువెంతో అందరికీ తెలిసొచ్చింది. నేనైతే నగదు గానీ బ్యాంకు గ్యారంటీ గానీ మొదటి పలుగు దిగకముందే కట్టించుకోవాలంటాను. గని మూసేసినప్పుడు అయ్యే ఖర్చంతా, నీళ్ల శుద్ధితో సహా లెక్కగట్టి మరీ కట్టించుకోవాలి. అలాగైతే చాలా గనులు గిట్టుబాటు కావు కదా అంటారు. కావు. గిట్టుబాటు కానివి తవ్వకపోతే సరి.